చెల్లెలికన్నా చిన్నవాడు

మేమిద్దరం ఒకే బడిలో చదివాం, ఒకే రోజు ఉద్యోగంలో చేరాం. ఒకే బెంచీ మీద కూర్చుని, ఒకే కలాన్ని చేతులు మార్చుకుంటూ కాగితాల మీద సంతకాలు పెట్టాం. అప్పటికి ఇద్దరికీ ఇరవై రెండేళ్లు. ఇప్పుడు నాకు అరవై ఆరు. వాడికి నలభై నాలుగు.

మాది ఒరిపిడి శాఖ. మన లోకం ఒక్కటే కాదని, ఇలాంటివి పక్కపక్కన లెక్కలేనన్ని ఉన్నాయని మా పిల్లలు మూడో తరగతిలోనే చదువుకుంటారు. రేవులో కట్టేసిన పడవల్లా అవి మామూలుగా ఎవరి పాటికి అవి ఊగుతుంటాయి. ఎప్పుడో ఒకసారి రెండు పడవలు ఒరుసుకుంటాయి. ఒరుసుకున్న చోట కాలం చెడిపోతుంది. ఆ చోటు ఒక ఇల్లు కావచ్చు, ఒక ఆఫీసు గది కావచ్చు. లోపల ఒక నిమిషం గడిచేసరికి బయట వారం గడిచిపోతుంది. రెండు లోకాల గదులూ కలగలిసిపోయి, అక్కడి మనుషులూ ఇక్కడి మనుషులూ ఒకళ్లనొకళ్లు చూసుకుని బెంబేలెత్తిపోతుంటారు. పడవలు విడిపోయేలోగా ఎవరి లోకంలోకి వాళ్లని పంపెయ్యాలి. ఒక్క మనిషి తప్పు వైపు ఉండిపోయినా ఆ చోటు మానదు. పుండులా పక్క గదులకు పాకుతుంది.

సైరన్ మోగగానే మేం బయల్దేరేవాళ్లం. ఒకడు నడుముకి తాడు కట్టుకుని లోపలికి వెళ్లాలి. ఇంకొకడు బయట తాడు కొస దగ్గర కూర్చోవాలి. లోపలికి వెళ్లినవాడికి అది అరగంట పని. బయట కూర్చున్నవాడికి ఆరేడు నెలల డ్యూటీ, షిఫ్టులు మార్చుకుంటూ.

ఎవరు లోపలికి వెళ్లాలి, ఎవరు బయట ఉండాలి అన్నది మొదటి రోజే తేలిపోయింది. అప్పటి ఆఫీసరు మా ఇద్దరినీ ఎదురుగా నిలబెట్టి, "ఇంట్లో ఎవరెవరున్నారు?" అని అడిగాడు. అమ్మ, భార్య, కడుపులో బిడ్డ అని నేను చెప్పాను.

వాడు "చెల్లెలుందండి" అన్నాడు.

"ఇంకా?"

"అంతేనండి."

"ఒక చెల్లెలే కదా" అంటూ ఆఫీసరు వాడి పేరు పక్కన టిక్కు పెట్టాడు.

ఆ చెల్లెలికి అప్పుడు పందొమ్మిది. వాడు బుల్లీ అని పిలిచేవాడు. తల్లీ తండ్రీ పోయాక వాడే వండిపెట్టి, జడలు వేసి, బడికి పంపి పెంచాడు. ఆ పిల్ల అప్పుడే ఒక కళ్లజోళ్ల దుకాణంలో అద్దాలు అరగదీసే పనికి కుదిరింది. ఎప్పుడు చూసినా గోళ్ల సందుల్లో తెల్లటి పొడి ఉండేది.

వాడు మొదటిసారి లోపలికి వెళ్లిన రోజు నాకింకా గుర్తుంది. ఒక పంటి డాక్టరు గది అది. గుమ్మం దాటేటప్పుడు గాల్లోకి లేచిన వాడి మడమ దాదాపు మూడు గంటలు అలాగే గాల్లో కనిపించింది. తర్వాత అదీ మాయమైంది. గుమ్మంలోంచి తాడు ఒక్కటే బయటికి వచ్చి ఉండేది. ఐదు నెలలు నేను దాన్ని చూస్తూ కూర్చున్నాను. నా కొడుకు పుట్టాడు, బోర్లాపడ్డాడు. ఐదున్నర నెలలకు వాడు ఇద్దరు మనుషుల్ని భుజాలు పట్టుకుని నడిపిస్తూ బయటికొచ్చాడు. రావడం రావడమే, "ఒరేయ్, చొక్కాలు డాబా మీద ఆరేసి వచ్చాను. మబ్బుగా ఉంది, తడిసిపోతాయేమో" అన్నాడు.

నాకు నవ్వాగలేదు. వాడూ నవ్వాడు. అప్పటికే బుల్లి ఇల్లు మారిపోయిందని చెప్తే మాత్రం నవ్వు ఆపేశాడు. ఇంటాయన ఖాళీ చెయ్యమన్నాడట. సామానంతా ఒక్కతే మోసుకెళ్లింది. కొత్త ఇంటికి వాణ్ని నేనే దారి చూపించి తీసుకెళ్లాను. సొంత ఇంటికి చుట్టంలా వెళ్లాడు.

అలా మొదలైంది. ఏడాదికొకసారి, ఒక్కోసారి రెండుసార్లు. ఆఫీసులో వాడికి నిన్నటోడని పేరు పడింది. వచ్చిన ప్రతిసారీ వాడి దగ్గర ఉండేవన్నీ నిన్నటి మాటలే. ఎత్తేసిన బస్సు కోసం స్టాపులో నిలబడేవాడు. మూతపడ్డ హోటల్ దగ్గరికి టీకి వెళ్దాం పదమనేవాడు. మంచం పట్టి ఉన్న మా అమ్మను చూసి వెళ్లినవాడు, తిరిగొచ్చి, "అమ్మకి ఎలా ఉందిరా, నిన్న కాస్త దగ్గుతోంది" అన్నాడు. అమ్మ పోయి అప్పటికి నాలుగు నెలలు.

ఆరో ఏట, ఐదోసారి బయటికొచ్చినప్పుడు బుల్లి మా ఆఫీసుకే వచ్చింది. వేళ్ల మీద లెక్కలు వేసుకుంటూ వచ్చింది.

"అన్నయ్యా, ఇప్పుడు నీకెన్నేళ్లు? కాగితాల మీద కాదు, ఒంటికి ఎన్ని?"

"ఇరవై ఐదు."

"నాకూ ఇరవై ఐదే. ఇంకొక్కసారి వెళ్లొస్తే నేను అక్కనవుతాను. అప్పుడు చెప్తాను నీ పని. ఒరేయ్ తమ్ముడూ, ఆ మంచినీళ్లు ఇలా అందుకో!"

ఆఫీసంతా గొల్లుమంది. వాడు వంగి, రెండు చేతులతో గ్లాసు అందించాడు. ఆ రోజంతా ఇద్దరూ అన్నను తమ్ముణ్ని చేసి, చెల్లిని అక్కను చేసి నవ్వుకున్నారు. తర్వాత ఏడాది అది నిజమైంది. మళ్లీ ఎవ్వరూ ఆ హాస్యమాడలేదు.

బుల్లి పెళ్లి వాడు చూడలేదు. తేదీ అనుకున్నారు, కానీ రెండు రోజుల ముందు ఒక బ్యాంకులో ఒరిపిడి. పదిహేనుమంది లోపల ఇరుక్కుపోయారు. "అరగంటలో వచ్చేస్తా" అన్నాడు, వాడికి అలవాటైన మాట అది. వచ్చేసరికి ఎనిమిది నెలలు. గోడకు ఫోటో ఉంది. ఫోటోలో పెళ్లికొడుకు పక్కన నిలబడి ఉన్నది నేను. పెళ్లికొడుకు బస్సుల మెకానిక్కు. నెమ్మదైన మనిషి. బావమరిదిని ఏమని పిలవాలో తెలియక ఎప్పుడూ "ఏవండీ" అనేవాడు. పిల్లలు కలగలేదు. పదకొండేళ్ల తర్వాత ఆయన గుండెపోటుతో పోయిన రోజూ వాడు లోపలే ఉన్నాడు. ఒక పసిపిల్లను ఎత్తుకుని, ఆ పిల్ల తల్లి ఏ లోకం మనిషో కనుక్కునే పనిలో ఉన్నాడు.

బుల్లి కళ్లజోడు చూసి ఎన్నాళ్లయిందో పోల్చుకునేవాడట. వెళ్లేముందు సన్నటి అద్దాలు, వచ్చాక లావుపాటివి. "మొహం చూసి పోల్చుకోవచ్చు కదరా" అన్నానొకసారి. "మొహం చూడ్డానికి ధైర్యం చాలదురా" అన్నాడు.

నా విషయంలోనూ ఒకటి జరిగింది. నాకు యాభై దాటాక, తల పూర్తిగా పండిపోయాక, వాడొకసారి బయటికొచ్చి తాడు విప్పుకుంటూ, "మీరు కాస్త ఆ ముడి పట్టుకుంటారా?" అన్నాడు. తలెత్తి నన్ను చూశాడు. నేనని అప్పుడు తెలిసింది. నాలుక కరుచుకుని, "ఒరేయ్, నువ్వా" అన్నాడు. నేను నవ్వేశాను. కానీ ఆ 'మీరు' నన్ను కొన్నాళ్లు వదల్లేదు. వాణ్నీ వదల్లేదనుకుంటాను. ఆ తర్వాత చాలా రోజులు నన్ను ఏమనీ పిలవకుండానే పని గడుపుకున్నాడు.

చివరిసారి వెళ్లినప్పుడు రిజిస్టరు ప్రకారం వాడికి యాభై ఎనిమిది. ఒంటికి ముప్పై ఏడు. మూడో అంతస్తులో ఒక దర్జీ దుకాణం. ఉదయం పదకొండు గంటలు. లోపల మనవాళ్లు ముగ్గురు దర్జీలు. వాళ్లు తాడు పట్టుకుని బయటికి వచ్చేశారు. పద్ధతి ప్రకారం వాడు వాళ్ల వెనకే రావాలి. రాలేదు.

లోపల ఏం జరిగిందో తర్వాత వాడే చెప్పాడు.

సగం గదిలో మన కుట్టుమిషన్లు, మిగతా సగంలో అద్దాలు అరగదీసే చక్రాలు. పక్క లోకంలో అది కళ్లజోళ్ల కార్ఖానా అన్నమాట. చక్రం ముందు ఒకమ్మాయి అటు తిరిగి కూర్చుని ఉంది. ఎవరు ఏ లోకం మనిషో తెలుసుకోడానికి మాకో ప్రశ్న ఉంది. మన బస్సులు ఆకుపచ్చవి. పక్క లోకాల్లో వేరే రంగులు.

"ఏమ్మా, మీ ఊళ్లో బస్సు ఏ రంగు?" అని అడిగాడు.

"ఎరుపు" అంటూ ఆ అమ్మాయి వెనక్కి తిరిగింది. తిరిగి, చేతిలో అద్దం కింద పడేసి, "అన్నయ్యా!" అంది.

బుల్లి. ఇరవై ఆరేళ్ల బుల్లి. గోళ్లలో తెల్లపొడితో సహా.

పక్క లోకాలు కొన్ని మనకన్నా ముందుంటాయి, కొన్ని వెనక ఉంటాయి. ఇది వెనకది. ముప్పై ఏళ్లు వెనక.

"ఇదేంటన్నయ్యా, ఇంత ముసలాడివైపోయావు? ఈ తెల్లవెంట్రుకలేంటి?" అంటూ దగ్గరికొచ్చి వాడి చెవి పక్కన జుట్టు పట్టుకు చూసిందట.

వాడు కుట్టుమిషను బల్ల మీద కూలబడ్డాడు. ఇరవై ఏళ్లుగా వాణ్ని చూసినవాళ్లంతా 'ఇంకా కుర్రాడిలానే ఉన్నావే' అన్నవాళ్లే. తనూ పెద్దవాడయ్యాడని, తన ఒంటి మీదా కాలం నడిచిందని చెప్పినవాళ్లు అప్పటిదాకా ఒక్కరూ లేరు.

"నేను మీ అన్నయ్యను కాదమ్మా" అన్నాడు చివరికి.

"తెలుసు. రంగు అడిగినప్పుడే తెలిసింది. మా అన్నయ్య ఏడేళ్ల కిందట మొదటి డ్యూటీకి వెళ్లాడు. తాడు ఒక్కటే తిరిగొచ్చింది." ఆ అమ్మాయి స్టూలు లాక్కుని ఎదురుగా కూర్చుంది. "అయినా కాసేపు కూర్చో."

కూర్చున్నాడు. లోపల అవసరమైన మాట తప్ప ఇంకోటి మాట్లాడకూడదని ఏళ్ల తరబడి కొత్తవాళ్లకు పాఠం చెప్పినవాడు, కూర్చుని కబుర్లు చెప్పాడు. ఆ అమ్మాయి తన ఇంటావిడ గురించి చెప్పింది. బకెట్లు లెక్కపెట్టి నీళ్లు వాడుకోనిస్తుందట. పనిలో తనకన్నా వెనక చేరినవాణ్ని మేస్త్రీని చేశారని చెప్పింది. వాడి చొక్కాకు బొత్తాం ఊడిపోవడం చూసి, దర్జీల సూదీ దారం తీసుకుని కుట్టిపెట్టింది. దారం పంటితో కొరుకుతూ, "మీ దగ్గర నేనున్నానా?" అనడిగింది.

"ఉన్నావు."

"ఎలా ఉన్నాను?"

"నాకన్నా పెద్దదానివి. ఎప్పుడూ తిడుతుంటావు."

"తిట్టనూ మరి! వెళ్లు. అది ఎదురుచూస్తూ ఉంటుంది."

"వెళ్తా" అన్నాడు. కదల్లేదు.

తాడు బిగిసిందని వాడికి తెలుస్తూనే ఉంది. మేం రోజంతా వంతులవారీగా తాడు బిగించి పట్టుకుంటే, లోపల వాడికి పది అంకెలు లెక్కపెట్టేంతసేపు బిగిసినట్టు ఉంటుంది. అలా ఆరుసార్లు పట్టుకున్నాం. బలవంతంగా లాగకూడదు, నడుము విరుగుతుంది.

బయట ఆ మెట్ల మీద బుల్లి రోజూ సాయంత్రం పని కాగానే వచ్చి కూర్చునేది. యాభై ఐదేళ్ల మనిషి, మోకాళ్ల నొప్పులు, మూడంతస్తులు. దర్జీలు బయటికొచ్చాక మొదటి నెల నవ్వుతూనే ఉంది. "బద్ధకం వాడికి. మెల్లగా వస్తాడులెండి" అనేది నాతో. మూడో నెలకి ఏమీ అనడం మానేసింది. ఒకరోజు, "నేను పట్టుకోనా కాసేపు?" అంది. బయటివాళ్ల చేతికి తాడు ఇవ్వకూడదు. ఇచ్చాను. రెండు చేతులతో బిగించి పట్టుకుని, గుమ్మంలోని చీకట్లోకి చూస్తూ చీకటి పడేదాకా అలాగే కూర్చుంది. అరచేతులు కమిలిపోయాయి.

ఆరో నెలలో ఒక మధ్యాహ్నం దుకాణంలో చక్రం ముందే ఒరిగిపోయింది. పక్షవాతం. కుడిచెయ్యి, కుడికాలు, సగం మాట పోయాయి. నా భార్యా నేనూ ఆసుపత్రిలోంచి ఇంటికి తెచ్చి, ఒక ఆయాను పెట్టాం.

వాడు ఇంకో రెండు నెలలకు వచ్చాడు. నా మొహం చూశాడు, మెట్ల వైపు చూశాడు.

"బుల్లి ఏదిరా?"

చెప్పాను. వాడు తాడు విప్పుకోకుండానే మెట్లు దిగబోయాడు. తాడు బిగుసుకుని రెండో అంతస్తు మలుపు దగ్గర పడిపోయాడు. నేను దిగి వెళ్లి ముడి విప్పాను.

ఇంటికి ఇద్దరం కలిసే వెళ్లాం. బుల్లి మంచం మీద దిండ్లకు ఆనుకుని ఉంది. వాడు పక్కన నేల మీద కూర్చున్నాడు. అబద్ధం చెప్పొచ్చు. లోపల ఎవరో ఇరుక్కున్నారనో, దారి తప్పిందనో చెప్తే ఎవరు అడిగేవాళ్లు? వాడు మాత్రం ఉన్నది ఉన్నట్టు చెప్పాడు. ఎర్ర బస్సు నుంచి బొత్తాం దాకా. నేను గుమ్మం దగ్గరే నిలబడిపోయాను, వెళ్లాలో ఉండాలో తెలియక.

బుల్లి అంతా విని, మాటలు కూడదీసుకుని, "ఎంతసేపు కూర్చున్నావు?" అంది.

"ముప్పై ఐదు నిమిషాలు."

"వెళ్లిపోయిందా ఆ పిల్ల?"

"వెళ్లింది. వాళ్ల వైపు తలుపు చూపించాను."

"ఏడ్చిందా?"

"లేదు. వేళకు తినమంది."

తర్వాత బుల్లి ఎడమచేత్తో వాడి బొత్తాం తడిమి చూసింది. "నాతో ఎప్పుడైనా ముప్పై ఐదు నిమిషాలు అలా కూర్చున్నావా అన్నయ్యా?"

కూర్చునే ఉంటాడు, చిన్నప్పుడు. ఉద్యోగంలో చేరాక వచ్చినప్పుడల్లా పోగొట్టుకున్న నెలల్ని పోగుచేసుకోవడమే సరిపోయేది. రేషను కార్డులు, బాకీపడ్డ సంతకాలు, చిరునామా మార్పులు. సరిగ్గా కుదుటపడేసరికి మళ్లీ సైరను.

"ఇప్పుడు కూర్చుంటాను" అన్నాడు.

"ఇప్పుడా? నాకు నోరు తిరగదు కదా. నువ్వే మాట్లాడాలి మరి."

మూడు వారాల తర్వాత సైరన్ మోగింది. వాడు రాలేదు. కొత్త ఆఫీసరు, మా పిల్లల వయసువాడు, జీపేసుకుని ఇంటికి వెళ్లాడు. నేనూ వెంట ఉన్నాను. వాడు బుల్లి తల దువ్వుతున్నాడు. దువ్వెన చేతిలో పట్టుకునే గుమ్మంలోకి వచ్చి, "ఇంట్లో చెల్లెలుంది సార్, రాలేను" అన్నాడు. ఆఫీసరు లోపలికి తొంగి చూసి, "మీ అమ్మగారా?" అన్నాడు. "చెల్లెలు" అన్నాడు వాడు మళ్లీ.

దానికి మెమో ఇచ్చారు. వాడు లెక్కచెయ్యలేదు. ఏడాది తిరిగేసరికి పుట్టిన తేదీ ప్రకారం ఇద్దరికీ ఒకే రోజు రిటైర్మెంటు ఉత్తర్వులు వచ్చాయి. పింఛను కాగితాలకు వెళ్తే, కౌంటర్లో అమ్మాయి వాణ్ని ఎగాదిగా చూసి, "ఆయనే స్వయంగా రావాలండీ, కొడుకులొస్తే కుదరదు" అంది. నేను సాక్షి సంతకం పెట్టాను. ఏటా పెడుతున్నాను.

బుల్లి ఇంకో మూడేళ్లు బతికింది. మితభాషి అనుకున్నవాడు ఆ మూడేళ్లూ ఒకటే వాగుడు. ముప్పై ఆరు సార్లు లోపల చూసిన గదులన్నీ వరుసగా చెప్పాడు. రెండు లోకాల పిల్లులు కలిసి నిద్రపోయిన గది, ఒకే మనిషి ఇద్దరై పేకాట మొదలెట్టిన గది. బుల్లి ఎడమ పక్క పెదవితో నవ్వేది. ఒక్కోసారి, "ఆ పిల్ల సంగతి మళ్లీ చెప్పు" అని అడిగేది. కోపం లేదు, ఈర్ష్యా లేదు. ఆ ఇంటావిడ బకెట్ల సంగతి దానికి చాలా ఇష్టం.

ఒక మధ్యాహ్నం వాడు ఫోన్ చేశాడు. "బుల్లి పోయిందిరా" అన్నాడు. మళ్లీ తనే, "నీకిప్పుడేమైనా పనుందా?" అన్నాడు. వెళ్లాను. మంచం పక్కన నేల మీదే కూర్చుని ఉన్నాడు. పోయేటప్పుడు చెయ్యి పట్టుకునే ఉన్నాడట. ఆ ఇంట్లో జరిగినవాటిలో వాడు దగ్గరుండి చూసింది అదొక్కటే.

తర్వాత ఇరుగుపొరుగువాళ్లు ఊరుకోలేదు. నలభయ్యే కదా, జీవితమంతా ముందే ఉంది, ఎవరినైనా చూసుకో అన్నారు. కింది వాటాలో ఒక టీచరమ్మ ఉంది. మంచి మనిషి, వాడి ఈడుదే. రెండుమూడుసార్లు టీకి పిలిచింది. ఆవిడ తన చిన్నప్పటి పాటలు, ఆటలు, ఆ రోజుల్లో అందరూ వేసుకున్న బూట్లు, ఊరంతా నీళ్లలో మునిగిన ఏడు, అన్నీ చెప్పుకొచ్చిందట. ఆ ఏళ్లలో చాలా భాగం వాడు లోపలే ఉన్నాడు. తలూపుతూ విన్నాడు. "నాకేం గుర్తులేదంటే పాపం నొచ్చుకుంటుందిరా" అన్నాడు నాతో. మళ్లీ వెళ్లలేదు.

ఇప్పుడు పొద్దున్నే మా ముసలాళ్లతో నడకకు వస్తాడు. మేం ఐదుగురం, వాడితో ఆరుగురు. మాకు గుర్తున్న పాటలే వాడికీ గుర్తు. మా బడి హెడ్మాస్టరు నడక అనుకరిస్తే వాడొక్కడే పగలబడి నవ్వుతాడు. చెరువుగట్టు మెట్ల దగ్గర మేం ఆయాసపడుతూ ఆగుతాం. వాడూ రెయిలింగు పట్టుకుని ఆగుతాడు. దారినపోయేవాళ్లు చూసి, ఈ కాలంలో ఇలాంటి కొడుకులుంటారా అనుకుంటారు.

పోయినేడాది వాడితో కలిపి ఏడుగురం.